పిండం దగ్గర సీసా

మార్చి 2

పురుగుమందుల కొట్టువాళ్ళు మా మామిడితోట ఆసామి శ్రీరాములు గారికి ఇచ్చిన డైరీ ఇది. ఆయనకి నాలుగొచ్చాయట, ఒకటి నాకు ఇచ్చారు. "గ్యాసుబండ ఎప్పుడు మార్చావో రాసుకో" అన్నారు. రెండు నెలలు ఖాళీగానే ఉంది.

ఐదో తరగతి దాకా చదివాను. అక్షరాలు గుర్తున్నాయి గానీ చెయ్యి మొరాయిస్తోంది. ఇది ఎవరికీ చూపించను. ఎవరితోనూ అనే మాటలు కావు, లోపల పెట్టుకుంటే అన్నం దిగడం లేదు.

ఇవాళ పోస్టులో సుభాష్ పుస్తకం వచ్చింది. సుభాష్ పుస్తకం అంటున్నాను, నా కొడుకు రాసింది కాదు. కృష్ణకాంత్ గారు రాశారు. మొదటి పేజీలో ఇంకుపెన్నుతో, "పుష్పవతి గారికి. ఇందులో నవ్వులన్నీ మీవే" అని ఉంది.

మార్చి 3

కృష్ణకాంత్ గారు నవలలు రాస్తారు. వాళ్ళది విజయవాడ. సుభాష్ పోయిన రెండో నెలలో, వానలు మొదలయ్యాక, శ్రీరాములు గారి తోట బంగళాలో రాసుకోవడానికి వచ్చి నాలుగు నెలలు ఉన్నారు. వంట నేనే చేసిపెట్టాను. మేముండేది ఆ తోటలోనే, మోటారు షెడ్డు పక్కన రెండు గదుల్లో. మా ఆయన పున్నయ్య తోటకి కాపలా.

కృష్ణకాంత్ గారు వంటింటి గుమ్మంలో స్టూలు వేసుకుని నన్ను మాట్లాడించేవారు. శ్రీరాములు గారు ఫోను మాట్లాడే తీరు చేసి చూపించేదాన్ని. అవతల ఎమ్మార్వో అయితే లేచి నిలబడి మాట్లాడతారు. కూలివాడయితే ఫోను చెవికి జానెడు దూరంలో పెట్టుకుంటారు, చెమట వాసన అందులోంచి వస్తుందన్నట్టు. కృష్ణకాంత్ గారు కళ్ళ నీళ్ళొచ్చేదాకా నవ్వి, జేబులో చిన్న పుస్తకం తీసి రాసుకునేవారు.

"దీన్నే వ్యంగ్యం అంటారండీ పుష్పవతి గారూ. మేం నానా తంటాలు పడి చేసేది మీరు పప్పులో తాలింపు వేస్తూ చేసేస్తున్నారు."

"అదేంటో నాకు తెలీదండి. ఎదురుగా అనలేనిది వెనక అంటాం, అంతే."

"అంతకు మించి ఏం లేదండీ అందులో."

తోటలో అంతా నన్ను వేషాల పుష్ప అనేవాళ్ళు. సుభాష్ పోయాక వేషాలు మానేశాను. ఆయనొచ్చాక మళ్ళీ మొదలెట్టాను. ఎందుకు మొదలెట్టానో నాకు తెలీదు.

మార్చి 5

రోజా చదివి వినిపించింది. నా కూతురు, నూజివీడులో డిగ్రీ. మొదట్లో ఇద్దరం పొట్ట పట్టుకుని నవ్వాం. ఫోను దగ్గర లేచి నిలబడే పెద్దాయన ఉన్నాడు. చెట్టు మీది కాయలన్నిటినీ పేరు పెట్టి పిలిచే షావుకారు ఉన్నాడు. నేను చెప్పినవన్నీ ఉన్నాయి, నాకంటే బాగున్నాయి.

తొమ్మిదో అధ్యాయంలో క్వార్టర్ శేషు వచ్చాడు. తోటలో పనిచేసే కుర్రాడు. తాగి మామిడిచెట్టెక్కి, పండనుకుని చందమామకి కాయలు తెంపే చిక్కం వేసి పడి చచ్చిపోతాడు. పెద్దకర్మనాడు పిండం పెడితే కాకి రాదు. వాడికిష్టమైంది పెట్టలేదు కాబట్టి రాలేదంటారు. మేనమామ సీసా మూత తీసి విస్తరి పక్కన పెడతాడు. రాదు. "బ్రాండు మార్చి చూడండ్రా" అంటాడొకడు. ఊళ్ళో తలా ఒక సీసా తెస్తారు. కాకి రాదు, పొద్దు వాలేసరికి సీసాలన్నీ ఖాళీ, చుట్టాలందరూ పిండాల చుట్టూ పడి ఉంటారు.

రోజా చదవడం ఆపేసింది.

"అమ్మా, ఇది అన్నయ్యే కదా."

"కథమ్మా అది."

"మావయ్య సీసా పెట్టింది కథేంటి?" పుస్తకం మూసి, "అన్నయ్య నిజంగా తాగేవాడా?" అంది. అప్పుడు తను హాస్టల్లో ఉంది, కబురు వెళ్ళి వచ్చేసరికి కట్టెల మీద పెట్టేశాం.

అన్నం మాడుతోందని లేచి వెళ్ళాను.

మార్చి 6

ఆ మాట నేను అనలేదు. ఊళ్ళో అన్నారు.

మార్చి 9

కాయలకి కాగితం కవర్లు తొడుగుతున్నాం. పక్క చెట్టు మీద మంగమ్మ.

"మీవాడు పుస్తకానికెక్కాడంట గదొదినా! మా ఇంట్లో ముగ్గురు పొద్దస్తమానం తాగుతున్నారు, ఒక్కడికీ అంత అదృష్టం పట్టలేదు."

అందరూ నవ్వారు. మంగమ్మ మనసులో ఏమీ ఉండదు, సుభాష్ పోయినప్పుడు నాకు మూడురోజులు అన్నం కలిపి పెట్టింది. నేను కూడా నవ్వాను.

శ్రీరాములు గారు ఇరవై పుస్తకాలు కొని ఆగిరిపల్లిలో తెలిసినవాళ్ళకి పంచారట. "పెద్దాయన వేషం చూశావా పుష్పవతీ? అచ్చం రెడ్డిగూడెంలో మా బావమరిదే! ఫోనొస్తే వాడిలాగే లేస్తాడు" అని ఒకటే నవ్వు. మాట్లాడుతుంటే ఫోను మోగింది. కరెంటాఫీసు ఏఈ గారట. లేచి నిలబడ్డారు.

అప్పుడు మాత్రం నవ్వు రాలేదు.

మార్చి 10

పెద్దకర్మనాడు జరిగింది జరిగినట్టు రాస్తాను.

కాలవ గట్టు మీద పిండం పెట్టాం. తొమ్మిదయింది, పదయింది, కాకి వచ్చి వేపకొమ్మ మీద కూర్చుంది, దిగలేదు. అందరూ నీడకి జరిగి దణ్ణాలు పెట్టారు. నీ చెల్లిని చదివిస్తాం నాయనా అన్నారు. దిగలేదు. అప్పుడు మా అన్న చిన్నయ్య ఏడుస్తూ సైకిలెక్కి వెళ్ళి సీసా తెచ్చాడు. మేనల్లుడు తాగేవాడని అన్నకీ చావునాడే తెలిసింది. తెలిసుంటే తిట్టేవాణ్ణి కదే, ఒక్కరోజైనా కూర్చోబెట్టి మంచి చెప్పుకోలేకపోయాను కదే అని గుండె బాదుకున్నాడు. మూత తీసి పెట్టాడు. కాకి లేచి వెళ్ళిపోయింది. బ్రాండు మార్చమని వెనక ఎవరో అన్నారు, అది నిజమే. ఒకరిద్దరు మూతి తిప్పుకుని నవ్వారు, అదీ నిజమే.

మధ్యాహ్నం రెండింటికి పిండం కాలవలో కలిపేశాం.

వాడు ఆకలితో వెళ్ళాడు.

సేమ్యా పాయసం గ్లాసెడు పెట్టి ఉంటే దిగేదేమో. జీడిపప్పు ఏరుకు తినేవాడు. పెడదామని నోటిదాకా వచ్చింది. తాగుబోతుకి పాయసమేంటే అంటారని ఊరుకున్నాను.

మార్చి 14

మా ఆయనకి చదువు రాదు. పుస్తకం అలమర మీద ఉంటే అటు చూడకుండా చొక్కా తీసుకుంటున్నాడు.

"ఎందుకు చదివించావు పిల్లచేత?"

"పంపించారు కాబట్టి. వాడి గురించి అంత అబద్ధం రాస్తారనుకున్నానా?"

"అబద్ధం ఆయనదా?"

అని టార్చి తీసుకుని తోటలోకి వెళ్ళిపోయాడు.

మార్చి 15

నేను పడ్డాడని చెప్పాను. తాగాడని చెప్పలేదు. చొక్కా వాసన చూసి వాళ్ళే అనుకున్నారు. వాళ్ళు అన్నప్పుడు నేను ఊరుకున్నాను.

మార్చి 21

కృష్ణకాంత్ గారికి ఫోను చేశాను. రోజా కాలేజీకి వెళ్ళాక చేశాను.

"పుస్తకం అందిందా అండీ? ఎలా ఉంది?"

"బాగుందండి. మావాడి గురించి అలా రాశారేంటండి."

"మీవాడా?"

"శేషు."

"పుష్పవతి గారూ, అది మీరు చెప్పిందే కదండీ. సీసా, కాకి, బ్రాండు మార్చమన్న మాట కూడా. చందమామ ఒక్కటే నాది. చెప్పినరోజు నాకంటే మీరే ఎక్కువ నవ్వారు. ఈ అమ్మ కొడుకు చావుని కూడా నవ్వుతూ చూడగలుగుతోంది, ఎంత గుండె అనుకున్నాను."

కొంగుతో ఫోను తుడిచి మళ్ళీ చెవికి పెట్టుకున్నాను.

"మీకు బాధగా ఉంటే రెండో ముద్రణలో పేరు మారుస్తాను."

"పేరు శేషు అనే కదండీ ఉంది. ఇంకేం మారుస్తారు."

వచ్చేనెల పన్నెండున నూజివీడు లైబ్రరీ హాల్లో పుస్తకం మీద సభ పెట్టారట. రమ్మన్నారు, ముందు వరసలో కూర్చోబెడతామన్నారు.

అవును, నేనే చెప్పాను. తాగేవాడని చెప్పాను. చారులో కొత్తిమీర తుంచుతూ చెప్పాను. మా అన్న సీసా మూత పళ్ళతో లాగిన తీరు కూడా చేసి చూపించాను. ఏడుస్తూ చెబితే ఎలా పడ్డాడు, ఏ చెట్టు, ఎవరు చూశారు అని అడుగుతారు. నవ్వుతూ చెబితే ఎవరూ తవ్వరు.

మార్చి 22

ఇవాళ ఏమీ రాయను.

మార్చి 29

రాస్తాను.

రెండేళ్ళ కిందటి మే నెల. రసాల కోత. ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోయి పదిరోజులయింది, కొత్తగా నాటిన అంటుమొక్కలు వాడిపోతున్నాయని శ్రీరాములు గారు రోడ్డు పక్క కరెంటు లైనుకి దొంగగా కొక్కేలు వెయ్యమన్నారు. మా ఆయన వేశాడు. ఆ వైరు చెట్ల మధ్యనుంచి షెడ్డుకి లాగారు. ఒకచోట పైతోలు ఊడిపోయి ఉంది, ఆకుల్లో ఎవరికీ కనపడలేదు.

చిక్కం కట్టి కాయ తెంపే గెడలు ఎప్పుడూ వెదురువే. బరువని, భుజాలు పడిపోతున్నాయని ఆ ఏడు అందరూ అల్యూమినియంవి తెచ్చుకున్నారు. సుభాష్ కూడా తెచ్చుకున్నాడు. "చూడమ్మా, ఒంటిచేత్తో లేస్తోంది" అని నాకు ఎత్తి చూపించాడు.

కూలీలు అన్నాలకి వెళ్ళారు. ఈ ఒక్క కొమ్మ చూసి వస్తానన్నాడు. నేను పక్క చెట్టు కింద ట్రేలో కాయలు సర్దుతున్నాను. అరుపు కూడా రాలేదు. కాయలు రాలిన చప్పుడే అనుకున్నాను. తలెత్తి చూస్తే గెడ ఆ తోలూడిన వైరుకి తగిలి ఉంది.

మా ఆయన పరుగెత్తి కొక్కెం లాగేశాడు. అప్పటికే అయిపోయింది. కుడి అరచెయ్యి నల్లగా కాలింది.

శ్రీరాములు గారు కారులో వచ్చారు. చూసి అక్కడే కూలబడ్డారు, అది నటన కాదు. తర్వాత లేచారు. "పున్నయ్యా, కొక్కేలు వేసింది నువ్వు. నిజం బయటపడితే ముందు లోపలికి పోయేది నువ్వే. నేనెలాగో తిరుగుతాను, నువ్వు తిరగలేవు" అన్నారు. నావైపు తిరిగి, "పోయినవాడు రాడు పుష్పవతీ, ఉన్నవాణ్ణి కాపాడుకో" అన్నారు. పట్టపగలు కుర్రాడు చెట్టు మీంచి ఊరికే ఎందుకు పడతాడని అడుగుతారని కూడా ఆయనే అన్నారు. కారులోంచి సీసా తెచ్చి మా ఆయనకిచ్చారు.

మా ఆయన మూత తియ్యలేకపోయాడు.

నేను తీసుకున్నాను. నేనే తీశాను. చొక్కా మీద పోశాను. కొంచెం నోట్లో కూడా పోశాను. వాడి నోట్లో మొదటిసారి మందు పోసింది నేను.

చెయ్యి గుప్పిట మూసి పసుపుగుడ్డ చుట్టాం. చీకటి పడేలోపే దహనం అయిపోయింది. ఎవరూ ఏమీ అడగలేదు.

ఏప్రిల్ 4

మా ఆయనతో అన్నాను. "పన్నెండో తారీకు నూజివీడు వెళ్తాను. ఆ సభలో చెప్తాను."

అన్నం కలుపుతున్నాడు. కలుపుతూనే ఉన్నాడు.

"నువ్వు చెబితే నేను లోపలికి పోతాను."

"తెలుసు."

"తెలిసే వెళ్తావా?"

"అందుకే అడుగుతున్నాను నిన్ను."

కంచంలో చెయ్యి కడిగేసుకుని లేచాడు. వద్దనలేదు. వెళ్ళమనలేదు.

ఏప్రిల్ 7

ఆయన రాత్రంతా టార్చి పట్టుకుని తోటలోనే ఉన్నాడు.

ఏప్రిల్ 8

రోజాకి చెప్పాను. సీసా సంగతి కూడా. నా మొహంలోకి చూడకుండా, "నాతో చెప్పి ఉంటే పాయసం నేను పెట్టేదాన్ని" అంది. పక్క గదిలోకి పోయి తలుపేసుకుంది.

ఏప్రిల్ 12

సభ నుంచి వచ్చి కూర్చున్నాను.

హాల్లో యాభైమంది ఉంటారు. శ్రీరాములు గారు వేదిక కింద మొదటి కుర్చీలో, మెళ్ళో దండతో. నేనూ రోజా వెనక కూర్చున్నాం. మా ఆయన రాలేదు.

కృష్ణకాంత్ గారు బాగా మాట్లాడారు. తిన్నగా చెబితే జనం చెవులు మూసుకుంటారు, నవ్విస్తే నోరు తెరుస్తారు, తెరిచిన నోట్లో చేదుమందు వెయ్యాలి, వ్యంగ్యం పని అదే అన్నారు. ఎగతాళి వేరు వ్యంగ్యం వేరు అన్నారు. కింద ఉన్నవాడి మీద రాయి వేస్తే ఎగతాళి, పైన ఉన్నవాడి మీద వేస్తే వ్యంగ్యం. వింటుంటే నాకు నిజమే అనిపించింది. రచయిత ఏదీ పుట్టించడు, చూస్తాడు, అంతే అన్నారు. "ఆ తోటలో నాలుగు నెలలు కళ్ళు తెరుచుకుని కూర్చున్నాను. కాకి అధ్యాయం నా కల్పన కాదు. మన తాగుడినీ మన మూఢనమ్మకాన్నీ ఒకే విస్తట్లో వడ్డించాను."

ఎవరో ఆ అధ్యాయం చదివారు. హాలంతా నవ్వు. రోజా నా చెయ్యి పట్టుకుంది.

తర్వాత ఒక లెక్చరరు గారు, "మీరు ఎవరి గురించి రాశారో వాళ్ళు గుర్తుపట్టి మీదికి రారా?" అని అడిగారు.

"ఇరవై ఏళ్ళుగా రాస్తున్నానండీ. ప్రతివాడూ అది పక్కూరివాడి గురించే అనుకుంటాడు. ఇంతవరకూ ఒక్కళ్ళూ గుర్తుపట్టలేదు."

నేను లేచాను. "నేను గుర్తుపట్టానండి."

అందరూ నవ్వారు. శ్రీరాములు గారు కూడా వెనక్కి తిరిగి నవ్వారు, మన పుష్పవతే అన్నట్టు.

"శేషు మా అబ్బాయండి. పేరు సుభాష్. ఇరవై రెండేళ్ళు."

నవ్వు ముందు వరసలో ఆగింది, వెనక ఇంకా కొంచెం ఉంది.

"మీరు నాలుగు నెలలు చూశానన్నారు కదండీ. రోజూ మా గుమ్మం ముందు నుంచే వాకింగుకి వెళ్ళేవారు. తాగేవాడి ఇంట్లో చూరులోనో గోడపక్కనో ఒక్క ఖాళీ సీసా అయినా ఉండాలి. మీకు ఎప్పుడైనా కనిపించిందాండి?"

ఆయన మైకు పట్టుకుని నిలబడ్డారు. "లేదు. కానీ... మీరు చెప్పారు కదమ్మా."

"అబద్ధం చెప్పానండి. మీరు నవ్వారు. అడగలేదు."

శ్రీరాములు గారు లేచి నిలబడ్డారు. నాతో మాట్లాడటానికి ఆయన లేచి నిలబడటం ఇదే మొదటిసారి. "పుష్పవతీ, కూర్చో. ఏంటీ గోల, సభలో..."

నేను కూర్చోలేదు. కరెంటు, కొక్కెం, గెడ, సీసా, అన్నీ చెప్పాను. సీసా నా చేత్తో పోశానని కూడా చెప్పాను. అది మాత్రం రెండుసార్లు చెప్పాను. ఎవరిదో ఫోను మోగింది, వాళ్ళు నొక్కేశారు.

బయట మెట్ల దగ్గర కృష్ణకాంత్ గారు వచ్చారు. "అమ్మా, ఆ అధ్యాయం తీసేస్తాను. రెండో ముద్రణలో అసలు ఉండదు."

"తీసెయ్యొద్దండి. తీసేస్తే వాడు తాగలేదని ఎవరికి తెలుస్తుంది? ఆఖర్న ఒక్క ముక్క కలపండి. వాడెప్పుడూ తాగలేదు, అందుకే కాకి దిగలేదని."

"అది పెడితే ఇక నవ్వు రాదమ్మా."

"రాకూడదండి."

ఆయన జేబులో చిన్న పుస్తకం తీశారు. తీసి, రాయకుండా చేతిలోనే పట్టుకుని నిలబడ్డారు.

ఏప్రిల్ 13

శ్రీరాములు గారు పొద్దున్నే వచ్చారు. కారు దిగలేదు, అద్దం దించారు.

"ఎండకి మతి చెడిందా ఏంటి నీకు? కొక్కెం వేసింది నీ మొగుడు. నేను వెయ్యమన్నానని ఏ కాగితం మీద ఉంది? గదులు ఖాళీ చెయ్యండి."

"ఎప్పుడు చెయ్యమంటారండి?" అని అడిగాడు మా ఆయన.

"నువ్వు కూడానా పున్నయ్యా! నిన్ను కాపాడింది నేను కాదూ?"

"కాపాడారండి" అన్నాడు.

కారు వెళ్ళిపోయింది. మంగమ్మ దూరం నుంచి చూసింది. సాయంత్రం వచ్చి, మా వెనక వసారా ఖాళీగానే ఉందొదినా అంది. పుస్తకం మాట ఎత్తలేదు.

ఏప్రిల్ 15

మా ఆయన్ని పోలీసు స్టేషన్లోనే ఉంచారు. నేనూ రోజా వచ్చేశాం.

నేను రమ్మనలేదు. పొద్దున లేచి స్నానం చేసి ఉతికిన చొక్కా వేసుకుని, "పద" అన్నాడు. ఎక్కడికి అని అడగలేదు. బస్సులో కిటికీ పక్కన కూర్చున్నాడు. తోటలు దాటుతుంటే ఏ తోటలో ఏ లైనుందో చూస్తున్నట్టు తలెత్తి చూస్తూనే ఉన్నాడు.

ఎస్సై గారు లేరు. కానిస్టేబులు అడిగాడు.

"ఏంటి పెద్దాయనా, ఎవరి మీద కంప్లయింటు?"

"నా మీదేనండి. వెయ్యమన్నాయన మీద కూడా."

అతనికి అర్థంకాలేదు, కుర్చీలో వెనక్కి వాలినవాడు ముందుకి జరిగాడు. ఆయన చెప్పడం మొదలెట్టాడు. ఈ రెండేళ్ళలో అన్ని మాటలు ఒకేసారి నేను వినలేదు. కొక్కెం ఏ కర్రతో తగిలించాడో, ఎన్నింటికి లాగేశాడో, లాగేసరికి వాడి కళ్ళు ఎటు చూస్తున్నాయో అన్నీ చెప్పాడు. కానిస్టేబులు తెల్లకాగితం ఇచ్చి రాసి ఇమ్మన్నాడు. ఆయనకి రాదు, నేను తీసుకున్నాను. ఆయన చెప్పింది రాసి, కింద సీసా సంగతి నాదిగా రాశాను.

కానిస్టేబులు చదువుతూ మధ్యలో ఆగాడు.

"ఇంతకీ కుర్రాడు తాగి ఉన్నాడా ఆరోజు? సరిగా చెప్పు."

"లేదండి. మావాడు తాగడండి" అన్నాడు మా ఆయన. గట్టిగా అన్నాడు, పక్క గదిలో ఇద్దరు తలలు తిప్పి చూశారు.

"అయితే అది కూడా రాయమ్మా" అని కాగితం నావైపు జరిపాడు.

రాశాను.